కోర్టు ధిక్కారము - ఉద్యోగార్థి

కంచరపాలెములో ఉపాధి కార్యాలయమున్నది. ఉద్యోగ ప్రకటనలకై ఎదురుచూచు యువకులకు అది చిరపరిచితము. నియామకములో అన్యాయము జరిగినదని హైకోర్టుకెక్కి గెలిచిన అభ్యర్థి, తీర్పు చేతబట్టుకొని మరల ఆఫీసు గుమ్మములోనే నిలువవలసి వచ్చినచో ఏమి చేయవలెను? ధిక్కార పిటిషను వేయవచ్చును.

1971 నాటి చట్టము ప్రకారము కోర్టు ఉత్తర్వును బుద్ధిపూర్వకముగా ఉల్లంఘించుట సివిల్ ధిక్కారము. ఆరు నెలల వరకు సాధారణ కారాగారము, 2000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండును విధింపవచ్చును. ఉల్లంఘన జరిగిన ఏడాదిలోగా కదలవలెను.

కర్నూలు జిల్లా ఉదంతము చూడుడు. గ్రామ వ్యవసాయ సహాయకుని పోస్టుకు ఒక అభ్యర్థిని రెండు వారములలో పరిశీలింపుడని 2019 అక్టోబరులో హైకోర్టు ఆదేశించినది. అది సకాలమున అమలు కాలేదని 2022 మే నెలలో ముగ్గురు ఐ.ఏ.ఎస్. అధికారులకు నెల జైలు, జరిమానా విధించినది. వెనువెంటనే అప్పీలు, స్టే!

ఇందు అసలు చిక్కు ‘పరిశీలింపుడు’ అను మాటలో ఉన్నది. దానికి ‘నియమింపుడు’ అని అర్థము కాదు. గెలిచితినని మిఠాయి పంచినవారెందరో ఇచ్చటనే బోల్తాపడిరి. అధికారి పరిశీలించి తిరస్కరించినను ఉత్తర్వు అమలైనట్లే. ఆ తిరస్కారము తప్పయినచో వేరుగా సవాలు చేయవలెనే గాని, ధిక్కార విచారణలో దాని మంచిచెడ్డలు తేల్చరాదని 1996లో జె.ఎస్. పరిహార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పినది. ఈలోగా వయోపరిమితి ఆగదు.

కావున తీర్పు రాగానే ఎవరు, ఏమి, ఎన్నాళ్లలో చేయవలెనని ఉన్నదో వకీలుచేత చదివించుకొనుడు. ప్రతిని స్పీడు పోస్టులో పంపి రసీదు దాచుకొనుడు. ఉత్తర్వు తనకు అందనే లేదని అధికారి చెప్పిననాడు అదియే సాక్ష్యము.