డిగ్రీ ఉంది, ఉద్యోగం లేదు: 1939 నాటి 'వందేమాతరం'

ప్లేస్‌మెంట్ సీజన్‌లో మన నాగారం వైపు హాస్టళ్లలో వినిపించే గొడవంతా 1939లోనే ఒక తెలుగు సినిమాకి కథ అయింది. అది బి.ఎన్.రెడ్డి తీసిన 'వందేమాతరం'. వాహినీ సంస్థకి తొలి సినిమా. పేరు చూసి స్వాతంత్ర్య పోరాటం అనుకుంటాం. దానికి 'మంగళసూత్రం' అని ఇంకో పేరు కూడా ఉంది. ఒక పేరు దేశానిది, ఒకటి ఇంటిది. లోపల ఉన్నది మాత్రం నిరుద్యోగం.

అప్పటికి మన టాకీకి ఏడేళ్లే. 1932లో 'భక్త ప్రహ్లాద' వచ్చాక ఎక్కువగా పురాణాలే తీశారు. అవీ చాలావరకు స్టేజీ మీద బాగా ఆడిన నాటకాలు. 1936లో 'ప్రేమ విజయం', 1938లో 'మాలపిల్ల', 'గృహలక్ష్మి' లాంటి సాంఘికాలు వచ్చాయి. పురాణాల్లో హీరోకి జీతం అక్కర్లేదు కదా! సాంఘికంలో అద్దె, అన్నం, అమ్మ మాటలు అన్నీ వచ్చి కూర్చుంటాయి.

రఘు (నాగయ్య) చదువుకున్నవాడు, కానీ ఉద్యోగం లేదు. భార్య జానకి (కాంచనమాల) అత్తగారి ఆరళ్లు పడుతుంటుంది. రఘు పని కోసం పట్నం పోతాడు. కోస్తా, సీమ వాళ్లకి అప్పట్లో పెద్ద పట్నం అంటే మద్రాసే. ఆఫీసులు, యూనివర్సిటీ, సినిమా స్టూడియోలు అన్నీ అక్కడే. పైగా 1929 మాంద్యం తర్వాత పంటల ధరలు పడిపోయిన కాలం. పొలం నమ్ముకుని కొడుకుని చదివించిన ఇంటికి ఆ డిగ్రీ ఎంత బరువో ఎడ్యుకేషన్ లోన్ ఉన్నవాళ్లకి చెప్పక్కర్లేదు.

ఈసీఈ వాళ్ల కోసం ఒక మాట. ప్లేబ్యాక్ ఇంకా అలవాటు కాలేదు. నటులే కెమెరా ముందు పాడాలి, వాద్యాలవాళ్లు ఫ్రేమ్ బయట వాయించాలి, మైకు తెర మీద కనపడకూడదు. దానికి దూరం జరిగితే గొంతు పోతుంది. ఆ కాలం సినిమాల్లో మనుషులు నిలబడి పాడేది చాలామటుకు ఇందుకే. అందుకే నాగయ్య లాంటి గాయక నటుడు దొరకడం అంత పెద్ద విషయం.

నాకు నచ్చనిది ఒక్కటే, లాటరీ. ఉద్యోగం దొరకని రఘుకి లాటరీ తగులుతుంది. అంతవరకు నిజంగా నడిచిన కథ అక్కడ తప్పించుకుంది అనిపించింది. కాకపోతే ఆ డబ్బు పట్టుకుని ఊరొచ్చేసరికి ఇంట్లో జానకి ఉండదు.