కంప్యూటరు ఖాతాయును దాని తాళపుచెవియును



ప్రతి సంవత్సరమును జూను మాసమున మన పాఠశాలలో క్రొత్తగా చేరు బాలబాలికల పేళ్లను ప్రవేశపు రిజిష్టరులో వ్రాయుట మీరందఱును చూచియున్నారు. తల్లిదండ్రుల పేళ్లు, పుట్టినతేదీ విచారించి, పత్రములు పరిశీలించి, ఒక సంఖ్య నిత్తుము. ఒకే పేరుగల వారిద్దఱున్నను ఆ సంఖ్యవలన వేఱువేఱుగా తెలియుదురు. ఈ పని యొక్కసారియే జరుగును. అటుపిమ్మట ప్రతిదినమును హాజరు పిలుచుట వేఱొక పని.

కంప్యూటరులో రిజిస్ట్రేషను, లాగిన్ అనునవియు నిట్టివే. రిజిస్ట్రేషను అనగా పట్టికలో పేరు చేర్చుకొనుట. లాగిన్ అనగా ఆ పేరుగల వ్యక్తిని నేనే యని వచ్చిన ప్రతిసారియు రుజువుచేయుట. అయితే హాజరు పిలుచు ఉపాధ్యాయుడు మీ ముఖము నెఱుగును. దూరముననున్న యంత్ర మెఱుగదు. మీరు మాత్రమే యెఱిగిన పాస్‌వర్డే దానికి మీ ముఖము.

దీనినిగూర్చి వ్రాయుటకు కారణము గలదు. రెండేండ్లక్రిందట మా విద్యార్థిని యొకతెకు ఉపకారవేతనము మంజూరయ్యెను. దరఖాస్తు పెట్టిన నెట్ సెంటరు యజమాని, తండ్రిగారి నంబరు అడుగక, తొందరలో తన నంబరునే వ్రాసి, పాస్‌వర్డును తానే పెట్టెను. గత సంవత్సరము పునరుద్ధరణకై పోగా ఆ దుకాణము మూతపడియుండెను. పాస్‌వర్డు తెలియదు. క్రొత్తది పెట్టుకొందమన్నను ఓ.టి.పి. ఆ పాత నంబరునకే పోవుచుండెను. కచేరీ చుట్టు తిరుగుచుండగనే గడువు దాటెను. ఆ యేటి సొమ్ము రాలేదు. దరఖాస్తును ధ్రువపఱచిన మేమును “ఈ నంబరు ఎవరిది?” అని యడిగియుండలేదు. ఆ తప్పులో మాకును పాలు గలదు.

కంప్యూటరు పాస్‌వర్డులకు అఱువదేండ్లకు మించిన చరిత్ర గలదు. 1961వ సంవత్సరమున అమెరికాలోని మసాచుసెట్స్ సాంకేతిక విద్యాసంస్థలో ఫెర్నాండో కోర్బటో మొదలగువారు ఒకే యంత్రమును పలువురు ఏకకాలమున వాడుకొను నేర్పాటును ప్రదర్శించిరి. ఒకరి వ్రాతలను మఱియొకరు తెఱవకుండుటకై అందులో పాస్‌వర్డులు పెట్టిరి. కాని 1962లో అచ్చటి పరిశోధకుడగు అలన్ షెర్, తనకు కేటాయించిన కాలము చాలక, పాస్‌వర్డుల పట్టికనంతయు అచ్చువేయించుకొనెను. అవి పట్టికలో ఉన్నవున్నట్లే వ్రాయబడియుండుటవలన ఇది సాధ్యమయ్యెను.

కావున మంచి యేర్పాటులలో పాస్‌వర్డును ఉన్నదున్నట్లు దాచరు. జొన్నలను విసరి పిండిచేసినట్లు దానిని ఒక గణితక్రియతో మార్చి, ఆ పిండిని మాత్రమే దాచుదురు. పిండిని మరల జొన్నలుగా చేయజాలము గదా! మీరు లాగిన్ చేయునపుడు యంత్రము మీరిచ్చినదానిని మరల విసరి, రెండు పిండులును సరిపోయినచో లోనికి రానిచ్చును. ఇద్దఱు ఒకే పాస్‌వర్డు పెట్టినను పిండి ఒకేరీతిగా నుండకుండ, ఒక్కొక్కరిదానిలో వేఱొక చిటికెడు కలిపి విసరుదురు. దీనికి ‘సాల్ట్’, అనగా ఉప్పు, అనియే పేరు. 1979లో రాబర్ట్ మారిస్, కెన్ థాంప్సన్ అను శాస్త్రజ్ఞులు ఈ పద్ధతిని వివరించిరి. దీనిని పాటింపని రాక్‌యూ అను సంస్థనుండి 2009లో 3 కోట్లకు మించిన పాస్‌వర్డులు బయటపడెను. వానిలో అన్నిటికంటె ఎక్కువమంది పెట్టుకొన్నది ‘123456’.

దీనివలన మనము గ్రహింపవలసిన దొకటి గలదు. మఱచిన పాస్‌వర్డును మంచి యేర్పాటు మనకు తిరిగి చెప్పదు, చెప్పజాలదు, క్రొత్తది పెట్టుకొననిచ్చును. అదియు పట్టికలోనున్న ఫోను నంబరు లేక ఈమెయిలు ఎవరిదో వారికే సామాన్యముగా సాధ్యమగును. కావున రిజిస్ట్రేషను నాడు వ్రాయించు నంబరే ఖాతాకు అసలు తాళపుచెవి.

ఇక కొన్ని సూచనలు. పాస్‌వర్డు పొడవుగా నుండవలెను. ఇంగ్లీషు చిన్నబడి అక్షరములతో నాలుగక్షరముల పదములు 4,56,976 మాత్రమే. ఎనిమిదక్షరములైనచో 20,000 కోట్లకు మించును. పేరును, పుట్టినతేదీని పెట్టరాదు. ఒక ఖాతా పాస్‌వర్డు మఱియొకదానికి వాడరాదు. ఏలయనగా ఒకచోట దొంగిలిన చెవితో దొంగలు అన్ని తలుపులను ప్రయత్నింతురు. ఓ.టి.పి.ని ఫోనులో నడిగినవారికి, ఎంతటి యధికారినని చెప్పినను, తెలుపరాదు. ఇతరుల యంత్రముపై పని ముగియగానే లాగవుట్ చేయవలెను.

తల్లిదండ్రులకు మా విన్నపము: చదువురాకున్నను వెఱవవలదు. దరఖాస్తు పెట్టించునపుడు మీ నంబరే వ్రాయించి, పాస్‌వర్డును మీ బిడ్డచేత పెట్టించి, ఒక నోటుపుస్తకమున వ్రాయించి ఇంటిపెట్టెలో భద్రపఱచుడు. నంబరు మార్చుకొనదలచినచో, పాతది విడువకముందే ఖాతాలో క్రొత్తది చేర్పింపుడు. ఈ సంవత్సరమునుండి ప్రతి దరఖాస్తుపైనను ‘ఈ నంబరు ఎవరిది?’ అని మేమే యడిగి, సమాధానము వినినపిదపనే ధ్రువపఱచుచున్నాము.

హాజరు పిలుచునపుడు ఒకని పేరునకు మఱియొకడు పలికినచో మనము ఒప్పుకొనము. మీ ఖాతాలోను మీ పేరునకు మీరే పలుకుడు.