ఇంట్లో చోటు వెతుక్కునే పిల్ల

దక్షిణ కొరియా దర్శకురాలు కిమ్ బోరా తొలి పూర్తి నిడివి చిత్రం ‘హౌస్ ఆఫ్ హమ్మింగ్‌బర్డ్’. 2018లో బూసాన్ చలనచిత్రోత్సవంలో మొదటిసారి ప్రదర్శించారు. కథ 1994లో, సోల్ నగరంలోని డేచీడోంగ్‌లో జరుగుతుంది. ట్యూషన్లకు పేరుమోసిన పేట అది. బళ్లో మాస్టారు కరావొకేలు మాని సోల్ నేషనల్ యూనివర్సిటీకి వెళ్తామని పిల్లల చేత బిగ్గరగా అనిపిస్తాడు. ఎనిమిదో తరగతి చదివే ఉన్‌హీకి మాత్రం బొమ్మలు గీయడం మీదే ధ్యాస.

సినిమా మొదట్లోనే ఉన్‌హీ బజారు నుంచి వచ్చి 902 నంబరు ఫ్లాటు తలుపు కొడుతుంది. ఎవరూ తీయరు. అమ్మను పిలుస్తుంది, బతిమాలుతుంది, ఏడుపు గొంతుతో అరుస్తుంది. తీరా తన ఇల్లు పై అంతస్తులో, 1002. అక్కడ తల్లి ఏమీ ఎరగనట్టు తలుపు తీస్తుంది. పొరపాటు చిన్నదే, కానీ అమ్మ కావాలనే తలుపు తీయలేదని పిల్ల అంత తేలిగ్గా ఎలా నమ్మింది? మిగతా కథంతా దీనికి జవాబే.

తల్లిదండ్రులకు బియ్యప్పిండి వంటల దుకాణం. ఆశలన్నీ కొడుకు మీదే. వాడు చెల్లెల్ని కొడతాడు. ఆ సంగతి ఆమె భోజనాల దగ్గర చెబితే, మీరిద్దరూ కొట్టుకోకండి అని ఒక్క మాటతో సరిపెడుతుంది తల్లి. అమ్మానాన్నల గొడవలో దీపం పగులుతుంది; మర్నాడు ఇద్దరూ కలిసి టీవీ చూస్తూ నవ్వుకుంటారు. చాలా రోజుల తర్వాత సోఫా కింద ఒక గాజుపెంకు ఉన్‌హీ చేతికి తగులుతుంది. ఇల్లు ఊడ్చినవాళ్ల కంట అది పడలేదన్నమాట.

అయినా కిమ్ బోరా ఎవర్నీ దుర్మార్గులుగా చూపించదు. ఉన్‌హీ చెవి దగ్గర గడ్డకు ఆపరేషన్ తప్పదని తెలిసినప్పుడు, కఠినుడైన తండ్రి ఆసుపత్రిలో వెక్కివెక్కి ఏడుస్తాడు. ప్రేమ లేదనలేం, ఉన్నట్టు పిల్లకు తెలియదు, అంతే.

పిల్ల మాట చెవిన పెట్టేది ఒక్కరే: చైనీస్ లిపి నేర్పే ట్యూషన్ టీచరు యోంగ్‌జీ. టీ పోసిస్తుంది, తొందరపెట్టదు. ఎవరైనా కొడితే ఊరుకోవద్దని చెప్పిన మొదటి మనిషీ ఆవిడే. కిమ్ సేబ్యోక్ ఈ పాత్రను గొంతు పెంచకుండా పోషించింది.

1994 అక్టోబరు 21 ఉదయం హాన్ నది మీది సాంగ్సు వంతెన నడిమి భాగం కూలి 32 మంది చనిపోయారు. 1979లో కట్టిన ఆ వంతెనకు వెల్డింగు లోపాలూ, సరైన తనిఖీలు లేకపోవడమూ చేటు తెచ్చాయి. కథలో ఉన్‌హీ అక్క రోజూ ఆ దారినే బడికి వెళ్తుంది. ఆవేళ ఆలస్యమై బతికిపోతుంది. రాత్రి భోజనాల దగ్గర భోరుమనేది అన్నే. అయితే ఆ ఉదయం వంతెన మీద ఉన్‌హీకి కావలసిన మనిషి మరొకరున్నారు. దేశం హడావిడిగా ఎదిగిన తీరుకూ ఈ ఇంటికీ సంబంధం కనిపిస్తూనే ఉంటుంది, దర్శకురాలు మాత్రం ఆ సంగతి ఎవరి నోటా చెప్పించదు.

ఈ చిత్రానికి 2019లో బెర్లిన్ చలనచిత్రోత్సవం ‘జనరేషన్ 14ప్లస్’ విభాగంలో అంతర్జాతీయ జ్యూరీ గ్రాండ్ ప్రి దక్కింది. ఉన్‌హీగా నటించిన పార్క్ జీహూ అదే ఏడాది ట్రైబెకా చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటి అయింది. ఈ పిల్ల కథ అంతకు ముందే మొదలైంది: 2011లో కిమ్ బోరా తీసిన ‘ది రికార్డర్ ఎగ్జామ్’ అనే లఘుచిత్రంలో, సోల్ ఒలింపిక్స్ జరిగిన 1988లో, ఉన్‌హీకి తొమ్మిదేళ్లు.