‘ఇక్తియోఫానా’ అంటే ఏమిటి? వేట విరామంతో దానికేం సంబంధం?

మత్స్య నివేదికల్లో కనిపించే ఈ మాటకు అర్థం సులువే. గ్రీకులో ‘ఇక్తిస్’ అంటే చేప. ‘ఫానా’ అంటే ఒక ప్రాంతపు జంతుజాలం. కలిపితే, ఒక నదిలోనో తీరంలోనో బతికే చేప జాతులన్నీ.

ఎలా వాడాలి? ‘గోదావరి ఇక్తియోఫానా’ అంటే పులస ఒక్కటే కాదు. వాలుగ, జెల్ల, కొర్రమేను అన్నీ. రొయ్యలు, పీతలు ఇందులోకి రావు. ఎన్ని టన్నులు పడ్డాయన్నది కాదు, ఎన్ని రకాలున్నాయన్నదే లెక్క.

ఆ రకాలు నిలవాలంటే గుడ్లు పెట్టే కాలంలో వలకు విరామం ఇవ్వాలి. అందుకే మన తీరంలో ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు, 61 రోజులు మరబోట్లు, మోటారు పడవల వేటపై నిషేధం. మరి ఆ రోజుల్లో ఇల్లు గడవాలి కదా! ‘మత్స్యకార సేవలో’ పథకం కింద అర్హులైన కుటుంబానికి రూ.20,000 భృతి అందుకే. జాబితాలో మీ పేరుందో లేదో సచివాలయంలో చూసుకోండి.