165 ముక్కల పేక: కొనేముందు ఒక లెక్క

పేక ముక్కలనగానే మన ఇళ్ళల్లో పెద్దవాళ్ళ మొహాలు ముడుచుకుంటాయి. నేను చెప్పబోయేది ఆ పేక గురించి కాదు, పిల్లలాడే పేక గురించి. అయినా ఈ వ్యాసం పూర్తయ్యేసరికి రెంటికీ చుట్టరికం ఉందా లేదా అన్నది పాఠకులే తేల్చుకోవచ్చు.

2024 వేసవి సెలవుల్లో న్యూజెర్సీలో ఉన్న మా అక్కగారింటికి వెళ్ళాను. మేనల్లుడికి పదేళ్ళు. వెళ్ళిన రెండోనాడే వాడు ఒక అట్టపెట్టె తెచ్చి నా ముందు బోర్లించాడు. రంగురంగుల ముక్కలు, వాటికంటే ఎక్కువగా చింపేసిన ప్యాకెట్ల రేకులు. “మామయ్యా, 40 ప్యాకెట్లు కొన్నాను. ఛారిజార్డ్ రాలేదు” అన్నాడు. ఆ గొంతులో వినిపించింది ఆటలో ఓడినవాడి బాధ కాదు, మోసపోయినవాడి బాధ. ప్యాకెట్టు 4.49 డాలర్లు. 40 అంటే సుమారు 180 డాలర్లు. పుట్టినరోజు డబ్బులు అయిపోయాక బడిలో మధ్యాహ్నం తిండికిచ్చిన డబ్బులు కూడా అందులోకే పోయాయని ఆ సాయంత్రం అక్క చెప్పి కళ్ళొత్తుకుంది.

నేను గణాంకశాస్త్రం చెప్పుకు బతికేవాణ్ణి. పిల్లవాణ్ణి కోప్పడటం నాకు చేతకాదు. లెక్క చెప్పటం మాత్రం చేతనవును.

ఇంతకీ ఏమిటీ ఆట?

పోకెమాన్ అనేవి 1996 ఫిబ్రవరిలో జపానులో ఒక చేతిలో పట్టే వీడియో ఆటగా పుట్టిన వింత జంతువులు. వాటిని ఊహించిన సతోషి తజిరికి చిన్నప్పుడు పురుగుల్ని పట్టి దాచుకునే సరదా ఉండేది. ఆ సరదాయే ఆటకు మూలం. అదే ఏడాది అక్టోబరులో ఆ జంతువులతో జపానులో కార్డుల ఆట వచ్చింది. 1999 జనవరిలో అది అమెరికాకు చేరింది. ఆట స్థూలంగా ఇది: ఇద్దరు ఎదురెదురుగా కూర్చుంటారు. చెరొకరి దగ్గరా సొంతంగా కూర్చుకున్న 60 ముక్కల కట్ట. ఒకరి జంతువుతో ఒకరు తలపడాలి. పక్కన పెట్టుకున్న 6 బహుమతి ముక్కల్ని ముందుగా అందుకున్నవాడిది గెలుపు.

మన పేకకూ దీనికీ అసలు తేడా ఒకటుంది. మన పేకలో 52 ముక్కలూ ఒకేసారి చేతికొస్తాయి. ఇక్కడ మూసిన ప్యాకెట్టు కొనాలి, లోపల ఏముందో చింపితేగాని తెలియదు. పైగా కొద్ది నెలలకొకసారి కొత్త ముక్కల దండు ఒకటి దిగుతుంది. దాన్నే ‘సెట్టు’ అంటారు. మావాడిని పట్టుకున్న సెట్టు పేరు ‘స్కార్లెట్ అండ్ వయొలెట్ 151’. ఇంగ్లీషులో ఇది 2023 సెప్టెంబరు 22న విడుదలయింది. మొట్టమొదటి ఆటలోని 151 జంతువులనూ ఇందులో మళ్ళీ తెచ్చారు. అందుకే పిల్లలతోపాటు, ఒకప్పుడు పిల్లలుగా ఉండి ఇప్పుడు ఉద్యోగాలు చేసుకుంటున్నవాళ్ళు కూడా దీని వెంట పడ్డారు.

ముక్కల్లో కులాలు

ఈ సెట్టులో ముక్కల మీద 165 వరకూ వరుస సంఖ్యలుంటాయి. అదిగాక 166 నుంచి 207 దాకా మరో 42 ‘రహస్య’ ముక్కలున్నాయి. వాటిలో 16 అందమైన బొమ్మలవి, 16 ముక్క నిండా బొమ్మ ఉన్నవి, 7 విశేష చిత్రాలు, 3 బంగారు రంగువి. అందరూ కోరే ఛారిజార్డ్ ఆ ఏడు విశేష చిత్రాలలో ఒకటి. దాని సంఖ్య 199/165.

ఇక్కడ కొనేవాళ్ళు గుర్తుంచుకోవలసిన సంగతి ఒకటుంది. ఛారిజార్డ్ ఎక్స్ ఈ సెట్టులో మూడు వేషాలలో వస్తుంది: 6/165, 183/165, 199/165. మూడింటి బలమూ ఒకటే, ఆటలో చేసే పనీ ఒకటే. మారేది బొమ్మ మాత్రమే. 199వ దాని ధర వంద డాలర్లకు పైమాట. 6వది దానితో పోలిస్తే కారుచవక. ఆడటానికైతే చవకది చాలు. దాచుకోవటానికైతేనే ఖరీదైనదాని ఊసు. నీకేది కావాలో ముందు తేల్చుకోకుండా దుకాణం మెట్లెక్కకూడదు.

శనగ గింజల ప్రయోగం

ప్యాకెట్టులో 10 ముక్కలుంటాయి, వాటితోపాటు ఒక శక్తి కార్డు. పదింటిలో కనీసం మూడు మెరిసేవి. విశేష చిత్రం ఎన్ని ప్యాకెట్లకు ఒకటి వస్తుందో కంపెనీ ప్యాకెట్టు మీద రాయదు. వేలకొద్దీ ప్యాకెట్లు విప్పి లెక్కపెట్టినవాళ్ళు తేల్చినది సుమారు 32 ప్యాకెట్లకు ఒకటని. అలాంటివి ఏడున్నాయి కాబట్టి, అన్నీ సమానంగా వస్తాయనుకుంటే, మనం కోరిన ఆ ఒక్కటీ వచ్చే అవకాశం 32 ఏళ్ళు 224 ప్యాకెట్లలో ఒకటి.

మావాడికి ఇది మాటల్లో ఎక్కలేదు. వంటింట్లోంచి 224 శనగ గింజలు లెక్కపెట్టి తెచ్చి, ఒకదానికి సిరా చుక్క పెట్టి, గిన్నెలో పోశాను. “కళ్ళు మూసుకుని ఒకటి తియ్యి. చుక్క లేకపోతే మళ్ళీ అందులోనే వేసి కలుపు” అన్నాను. వంద సార్లు తీశాడు. చుక్క గింజ రాలేదు. “ఇన్నిసార్లు రాలేదుగా, ఇంక వచ్చేస్తుంది!” అన్నాడు ఉత్సాహంగా.

అక్కడే ఆపాను. జూదగాళ్ళందరినీ ముంచేది సరిగ్గా ఆ ఒక్క వాక్యమే. గిన్నెకు జ్ఞాపకం లేదు. నూట ఒకటోసారి కూడా అవకాశం 224లో ఒకటే. వంద సార్లు ఓడినందుకు అది మన మీద జాలిపడి ఒక్క గింజయినా తగ్గించుకోదు.

ఇక లెక్క చూడండి. 40 ప్యాకెట్లు కొంటే ఆ ముక్క వచ్చే అవకాశం నూటికి సుమారు 16 మాత్రమే. అంటే మావాడు మోసపోలేదు, దురదృష్టవంతుడూ కాడు, నూటికి 84 మందికి జరిగేదే వాడికీ జరిగింది. 224 ప్యాకెట్లు కొంటే ఖర్చు వెయ్యి డాలర్లు దాటుతుంది. పోనీ అంత పోస్తే తప్పకుండా వస్తుందా? అప్పటికీ నూటికి సుమారు 37 మంది ఖాళీ చేతులతోనే మిగులుతారు!

సెట్టు మొత్తం పూర్తిచేద్దామనుకునేవారికి మరో లెక్క. 165 ముక్కలూ సమానంగా దొరుకుతాయనే అనుకుందాం. అప్పుడు కూడా అన్నీ చేరటానికి సగటున 938 ముక్కలు, అనగా సుమారు 94 ప్యాకెట్లు కావాలి. సగం సెట్టు తొలి 114 ముక్కలతోనే వచ్చేస్తుంది. అందుకే మొదట్లో అంత హుషారు. చిట్టచివరి ఒక్క ముక్కకే సగటున 165 ముక్కలు చూడాలి. మిగిలినవన్నీ మన దగ్గర ఉన్నవే మళ్ళీ మళ్ళీ వస్తాయి. నిజంలో కొన్ని ముక్కలు అరుదు కనుక కష్టం ఇంతకంటే ఎక్కువే.

ఏది కొనాలి?

ఈ సెట్టును ఇంగ్లీషులో మామూలుగా ఉండే 36 ప్యాకెట్ల పెట్టెగా అమ్మలేదు, రకరకాల పెట్టెల్లో పెట్టి అమ్మారు. విడుదలనాటి ధరల ప్రకారం 6 ప్యాకెట్ల కట్ట 26.94 డాలర్లు, ప్యాకెట్టుకు 4.49 పడుతుంది. 9 ప్యాకెట్ల ‘ఎలీట్ ట్రైనర్’ పెట్టె 49.99. ప్యాకెట్టుకు ఐదున్నర, ఆ అదనానికి తొడుగులు, పాచికలు, శక్తి కార్డులు వస్తాయి. 16 ప్యాకెట్ల పెద్ద పెట్టె 119.99. ప్యాకెట్టుకు ఏడున్నర పడుతుంది, అందులో లోహంతో చేసిన మ్యూ కార్డు ఉంటుంది. అన్నిటిలోనూ ప్యాకెట్టు ఒకటే, అవకాశమూ ఒకటే. విప్పే సరదా కోసమైతే చిన్న కట్ట చాలు. కొత్తగా ఆట నేర్చేవాడికి రెండోది పనికొస్తుంది. ఫలానా ముక్కే కావాలంటే ఈ మూడూ వద్దు, ఆ ఒంటి ముక్కనే కొనుక్కోవాలి.

ఒంటి ముక్క కొనేటప్పుడు సంఖ్య సరిచూసుకోండి. అంచులు తెల్లబడ్డాయా, మెరుపు మీద గీతలున్నాయా చూడండి. పోటీలలో ఆడదలచినవారు అడుగున ఎడమ మూలనున్న అక్షరం కూడా చూడాలి. ఈ సెట్టుది ‘జి’. పాత అక్షరాల కార్డుల్ని కాలక్రమంలో పోటీలనుంచి తప్పిస్తూ ఉంటారు. విడి ప్యాకెట్లు తెలియనివారి దగ్గర కొనకండి. విప్పి, మంచివి తీసేసి, మళ్ళీ అతికించేవాళ్ళున్నారు.

మన ఊళ్ళలో ఫ్యాన్సీ షాపుల్లో పది రూపాయలకు వేలాడదీసేవాటి సంగతంటారా? అవి నకిలీలు. బంగారు రేకులా మెరిసే కట్టలూ అంతే. వెనుక వైపు నీలం వెలిసినట్లుండటం, అక్షర దోషాలు, దీపానికి అడ్డం పెడితే వెలుతురు బొత్తిగా ఆగకపోవటం వాటి గుర్తులు. పిల్లలు ఆడుకుంటే తప్పులేదు గాని, అసలువనుకుని ధర పెట్టవద్దు.

చివరగా

మావాడు ప్యాకెట్లు మానేశాడు. ఒంటి ముక్క కోసం డబ్బు కూడబెడతానన్నాడు. తిండి డబ్బులు మాత్రం ముట్టనని అక్క చేతిలో చెయ్యి వేశాడు. నేను గర్వంగా తిరిగొచ్చాను. 2025లో ఒకనాడు ఫోను: “మామయ్యా, నువ్వు చెప్పినట్టే ఆగాను. ఈలోగా దాని ధర పెరిగిపోయింది. ఇప్పుడేమంటావు?”

ఏమంటాను? ధర రేపు పెరుగుతుందా తరుగుతుందా అన్నది నా లెక్కకు అందదు. అందుకే వీటిని పెట్టుబడి అనుకుని కొనవద్దని మాత్రం చెప్పగలను. “ప్యాకెట్టు ధర కూడా పెరిగింది కదరా, గిన్నెలో గింజలు మాత్రం 224యే” అన్నాను. వాడు కాసేపు ఊరుకుని, “సరేలే మామయ్యా, 6వ నంబరుది కొనుక్కున్నాను. నిన్న దాంతో మా ఫ్రెండుని ఓడించాను” అన్నాడు.

సోదర విద్యార్థులారా! మీలో ఈ ముక్కలు కొనేవారు కొద్దిమందే ఉండవచ్చు. కాని లోపల ఏముందో చెప్పకుండా, ‘ఈసారి తప్పకుండా’ అనిపించి అమ్మేవి ఈ రోజుల్లో మీ చేతిలోని ఫోను నిండా ఉన్నాయి. వాటిలో ఏదైనా కొనబోయేముందు ఒక్క నిమిషం ఆగి, గిన్నెలో గింజలెన్నో అడగండి. చెప్పకపోతే, మీ మెస్సు డబ్బులు మీ జేబులోనే ఉండనివ్వండి.