వగరు కలిపిన చుట్టరికము

ద్రాక్షాసవమునకును తోలుసంచికిని పొత్తెక్కడిదని అడుగువారు లేకపోరు. ఇటలీ దేశమున టస్కనీ సీమలో ఈ రెండు విద్యలును ఇరుగుపొరుగుగా వర్ధిల్లినవి. ఫ్లోరెన్సు, పీసా నగరముల నడుమ ఆర్నో నది యొడ్డున నున్న సాంతా క్రోచే పట్టణము తోళ్ళను పదును చేయుటకు పేరుగన్నది. కియాంటి ద్రాక్షతోటలును దానికి మిక్కిలి దూరమున లేవు.

ఈ రెంటిని కలిపిన చుట్టము వగరు. కరక్కాయ ముక్కను బుగ్గన నుంచుకొన్న వారికి నాలుక బిరుసెక్కుట తెలియును. దానికి కారణమైన ద్రవ్యమును శాస్త్రజ్ఞులు టానిన్ అందురు. ద్రాక్ష తొక్కలోను, గింజలోను, ఆసవమును నిలువచేయు ఓకు పీపాలలోను అది కలదు. ఆసవము నోట సోకగనే లాలాజలములోని మాంసకృత్తులను టానిన్ పట్టుకొనును, నోరు పిడచకట్టుకొనును. పశుచర్మములోని కొల్లాజెన్ అను మాంసకృత్తును గూడ అది అట్లే పట్టుకొనును; తోలు కుళ్ళక మన్నును. నాలుకపై క్షణములో జరుగునది తొట్టిలో వారములు, నెలలు జరుగును.

1884లో అమెరికాలో ఆగస్టస్ షుల్ట్జ్ క్రోమియం లవణములతో తోలును పదును చేయు పద్ధతికి పేటెంటు పొందెను. నెలల పని దినములకు దిగినది. నేడు లోకములోని తోలులో అధికభాగము క్రోమియముతో తయారగునదే. అయినను టస్కనీలో కొందరు చర్మకారులు చెట్ల సారమును విడువక 1994లో ఒక సంఘముగ ఏర్పడిరి. వారు వాడు సారములలో చెస్ట్‌నట్ కొయ్యది ఒకటి. ఇటలీలో ఆసవపు పీపాలకును ఆ కొయ్య వాడుకలో నున్నదే. ఇట్టి తోలుతో చిన్న పనిశాలలు కొలదిపాటి సంచులను, నడికట్లను చేతితో కుట్టును. ఏటికేడు ద్రాక్ష రుచి మారినట్లు విడత విడతకు తోలు ఛాయ మారును. వాడుకొలది అది చిక్కనగును. ఆ తేడాయే దానికి వన్నె. దానికే కొనువారు అధికమూల్య మిత్తురు.

తెలుగు పల్లెల లందలలో తంగేటి పట్టయు, కరక్కాయయు తరతరములుగ ఈ పనినే చేసినవి. రసాయనము ఒక్కటే, మర్యాద వేరు. తంగేటి పువ్వును బతుకమ్మలో పేర్చితిమి, తెలంగాణ రాష్ట్రపుష్పముగ ఎన్నుకొంటిమి. తంగేటి పట్టను నానవేసిన చేతిని మాత్రము ఊరి వెలుపల నిలిపితిమి. ఆ చేయి కుట్టిన చెప్పులు తొడిగి, ఆ చేతిని బావిగట్టు తాకనీయకపోతిమి.

తరగతిలో టానిన్ పాఠము చెప్పు ఉపాధ్యాయుడు ఆ చేతిని గూర్చియు రెండు మాటలు చెప్పవలెను. అప్పుడుగాని ఆ పాఠము పూర్తికాదు.