గోపాలపురం ఒడ్డున చుక్కల నడక

గుమాస్తాకు ఆకాశంతో ఏమి పని అని పాఠకులు అడుగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. ఉదయం పది గంటలకు తల వంచి ఫైలు తెరిస్తే సాయంకాలం దాకా తల ఎత్తని ఉద్యోగం నాది. ఎత్తినా కనబడేది పంకాయే గాని ఆకాశం కాదు. అటువంటి నేను మొన్న చైత్ర అమావాస్య రాత్రి మూడు గంటలసేపు మెడ నొప్పి పుట్టేలా చుక్కలు చూసి వచ్చాను. తొమ్మిదో తరగతి చదువుతున్న మా అమ్మాయి పోరు పెట్టకపోతే వెళ్లి ఉండేవాణ్ణి కాదు. వెళ్లకపోతే ఏమి పోగొట్టుకునేవాణ్ణో చెప్పడానికే ఈ నాలుగు ముక్కలూ వ్రాస్తున్నాను.

బరంపురం నుంచి గోపాలపురం సుమారు 16 కిలోమీటర్లు. కాగితాల మీద గోపాల్‌పూర్. మన ఇళ్లలో మాత్రం గోపాలపురమే. 1936 ఏప్రిల్ 1న ఒడిశా వేరు రాష్ట్రం అయ్యేదాకా ఈ ప్రాంతమంతా మద్రాసు రాజధానిలోనిది. ఒకప్పుడు ఇది రేవు. ఇక్కడే ఓడ ఎక్కి రంగూనుకు కూలికీ కొలువుకూ పోయినవారు గంజాం జిల్లాలో ఎందరో ఉన్నారు. ఇప్పుడు రేవు వేరేచోట, ఒడ్డున హోటళ్లు. అయినా తీరం వెంబడి వేట సాగించే పల్లెవారిలో చాలామంది ఇళ్లలో ఈనాటికీ తెలుగే మాట. ఒడియావారు వారిని నోలియాలంటారు.

ఈ నడకను నడిపించేది ఉద్యోగ విరమణ చేసిన ఒక లెక్కల మాస్టారు. రుసుము లేదు గాని మూడు షరతులు ఉన్నవి. ఒకటి, సెల్‌ఫోను జేబులోంచి తీయరాదు. రెండు, బ్యాటరీ లైటుకు ఎర్ర గాజు కాగితం చుట్టాలి. ఎర్ర వెలుగైతే చీకటికి అలవాటు పడిన కన్ను చెడదు. మూడు, ఏ చుక్క పేరు తెలిసినా, ఏ భాషలో తెలిస్తే ఆ భాషలో, సిగ్గుపడకుండా పైకి చెప్పాలి. ఈ మూడవ షరతే నన్ను ఇరకాటంలో పెట్టింది.

రాత్రి ఏడున్నరకు బస్సులు ఆగేచోట పద్నాలుగు మందిమి చేరాము. మొదటి మజిలీ అక్కడే. "పైకి చూసి చుక్కలు లెక్క పెట్టండి" అన్నారు మాస్టారు. పిల్లలు వేళ్లు మడిచి లెక్కించారు. ఒకరు తొమ్మిదన్నారు, ఒకరు పదకొండన్నారు. "ఈ అంకె జ్ఞాపకం పెట్టుకోండి, మళ్లీ అడుగుతాను" అని ఆయన ముందుకు నడిచారు.

రెండవ మజిలీ దీపస్తంభం దగ్గర. ప్రతి దీపస్తంభానికీ మిణుకులో తన వరుస తనకు ఉంటుందట. ఎన్ని క్షణాలకు ఎన్నిసార్లు వెలిగిందో చూసి అది ఏ ఊరి దీపమో నావికుడు పోల్చుకుంటాడు. ఈ మాట చెప్పి, మాస్టారు పిల్లలకు ఇద్దరు పెద్దలను పరిచయం చేశారు.

ఒకరు ఒడిశాలోని ఖండపడాకు చెందిన సామంత చంద్రశేఖరులు (1835–1904). పఠాణి సామంత అంటే ఒడియా ఇంటింటా తెలుసు. దూరదర్శిని లేకుండా, వెదురుతో కర్రతో చేసుకున్న పరికరాలతో గ్రహాలను కొలిచి 'సిద్ధాంత దర్పణం' వ్రాశారు. అది 1899లో కలకత్తాలో అచ్చయింది. రెండవవారు విశాఖపట్నానికి చెందిన అంకితం వెంకట నర్సింగరావుగారు. ఆయన మామగారు గోడే వెంకట జగ్గారావుగారు 1840లో విశాఖలో సొంత ఖర్చుతో వేధశాల నెలకొల్పితే, అల్లుడు దానిని నిలబెట్టారు. 1874 డిసెంబరు 9న శుక్రగ్రహం సూర్యబింబం మీదుగా చిన్న నల్లచుక్కలా దాటింది. దానిని విశాఖలో నర్సింగరావుగారు దూరదర్శినితో పరిశీలించారు. ఇక్కడ చంద్రశేఖరులు ఆ ఘటనను తమ గణితంలోకి ఎక్కించారు.

"ఒకరు తెలుగువారు, ఒకరు ఒడియావారు. ఇద్దరికీ సూర్యుడొక్కడే" అన్నారు మాస్టారు. మాది రెండు భాషల బ్రతుకు కాబట్టి నాకు ఆ మాట నచ్చింది.

మూడవ మజిలీ పల్లె. ఇసుక దారిలో వలలు ఆరవేసి ఉన్నవి, ఎండుచేపల వాసన. ఒక ముసలాయన గుమ్మం ముందు కూర్చుని వల బాగుచేస్తున్నాడు. మాస్టారికి పాత స్నేహితుడు కాబోలు, వల పక్కన పెట్టి మాతో బయలుదేరాడు. పడమట మూడు చుక్కలు ఒకే వరుసలో, దారం పట్టి పెట్టినట్లు కనబడుతున్నవి.

"ఎవరికి తెలుసు?" అన్నారు మాస్టారు.

"ఒరయన్ బెల్ట్" అన్నది మా అమ్మాయి. పక్కనున్న ఒడియా కుర్రవాడు "కాలపురుష" అన్నాడు. మాస్టారు నా వైపు చూశారు. నాకు నోట మాట రాలేదు. తెలిసిన పేరే; నాలిక చివర ఉన్నది; బయటికి రాదు.

"తెలుగులో ఏమంటారు నాన్నా?" అని అమ్మాయి నా చెయ్యి గుంజింది.

ముసలాయన నవ్వి, "ఏటమ్మా, అది గొల్లకావిడి గాదేటి! మజ్జినున్నోడు గొల్లోడు. ఇటో కుండ, అటో కుండ" అన్నాడు.

ఒక్కసారి మా నాయనమ్మ నా పక్కన కూర్చున్నట్లయింది. ముప్ఫై అయిదేళ్ల క్రితం, వేసవి రాత్రులు, డాబా మీద చాప. ఆవిడ వేలు చూపిస్తూ గొల్లకావిడి అన్నది. పిల్లలకోడి అన్నది, పంచాంగంలో కృత్తిక అని ఉండే ఆ చుక్కల గుంపే మాకు పిల్లలకోడి. సప్తర్షులను ఆవిడ ముసలమ్మ మంచం అనేది. నాలుగు చుక్కలు మంచం కోళ్లు, తోకలోని మూడు చుక్కలు దాన్ని ఎత్తుకుపోవడానికి వచ్చిన దొంగలు. తెల్లవారిపోతుంది గాని మంచం కదలదు! చదువూ సంధ్యా లేని ఆవిడ నాకు అప్పగించిన ఆస్తి అది. నేను దానిని మా అమ్మాయికి అందించలేదు. మరచిపోయానని కూడా మరచిపోయాను.

"ఇంకా చెప్పు తాతయ్యా" అని అమ్మాయి ఆయన వెంట పడ్డది. నేను వెనుక నడిచాను.

నాలుగవ మజిలీ సముద్రపు ఒడ్డు. కళ్లకు చీకటి అలవాటు కావడానికి అరగంట పడుతుందని మాస్టారు అందరినీ ఇసుకలో కూర్చోబెట్టారు. మా వెనుక హోటళ్ల వెలుగు ఉన్నా, సముద్రం వైపు ఆకాశం నిండుగా ఉంది. ఈశాన్యాన ముసలమ్మ మంచం పైకి లేస్తున్నది. దాని తోక వంపును అలాగే ముందుకు సాగదీస్తే తూర్పున పసుపుపచ్చగా మెరిసే స్వాతి. ఇంకా సాగదీస్తే సముద్రం మీద తెల్లని చిత్త. ఈ చిత్త దగ్గర పున్నమి చంద్రుడు నిలిచే మాసమే చైత్రం. రోజూ పంచాంగం చూస్తాను గాని మాసం పేరును ఆకాశంలో చూడడం నాకు అదే మొదలు.

పది గంటలకు దక్షిణాన, నీళ్ల మీద పిడికెడు ఎత్తున నాలుగు చుక్కలు శిలువ ఆకారంలో నిలిచినవి. అది త్రిశంకువు. స్వర్గానికీ భూమికీ నడుమ చిక్కిన రాజును ఇంత దిగువన ఎందుకు పెట్టారో అప్పుడు తెలిసింది. ఉత్తరానికి పోయేకొద్దీ అది ఇంకా కిందికి దిగుతుంది. ఢిల్లీవారికి దాని అడుగు చుక్క కనబడనే కనబడదు. ఈ విషయంలో దక్షిణాదివారమే అదృష్టవంతులం.

ఇక ధ్రువ నక్షత్రం. చెయ్యి చాచి పిడికిలి బిగించి ఒంటి కన్నుతో చూస్తే ఆ పిడికిలి సుమారు పది డిగ్రీలు అడ్డుకుంటుంది. చిన్నవారికి చెయ్యీ చిన్నదే, పిడికిలీ చిన్నదే కనుక లెక్క తప్పదు. భూమధ్యరేఖ మీద నిలిచినవాడికి ధ్రువుడు నేలకు ఆనుకొని ఉంటాడు. ఉత్తర ధ్రువం మీద నిలిచినవాడికి నడినెత్తిన ఉంటాడు. కాబట్టి ఏ ఊరి అక్షాంశం ఎంతో ధ్రువుడి ఎత్తూ అంతే. తేడా ఒక డిగ్రీ లోపు. గోపాలపురానికి 19 డిగ్రీలు, అంటే రెండు పిడికిళ్లకు కాస్త తక్కువ. ముంబయి వారికీ అంతే. యానాంలో 17, చెన్నై, బెంగళూరుల్లో 13. పూర్వం అరబ్బు నావికులు ముళ్లు వేసిన దారానికి చిన్న చెక్క కట్టి, ముడిని పళ్ల మధ్య పట్టుకొని ఈ ఎత్తునే కొలిచి రేవులు పట్టుకునేవారట.

పిల్లలంతా వెనక్కి తిరిగి ఊరి వైపు పిడికిళ్లు పెట్టారు. ధ్రువుడు లేడు! ఉండవలసిన చోట టీ దుకాణం దీపం కళ్లల్లోకి కొడుతున్నది. చుట్టూ తెల్లని మసక తప్ప మరేమీ లేదు.

"వేటనుంచి వచ్చేటప్పుడు వాడిని కుడి బుజం మీద పెట్టుకుంటే ఇంటికొచ్చీసేవోళ్లం" అన్నాడు ముసలాయన. మా ఒడ్డు ఆగ్నేయానికి తెరచి ఉంటుంది. తిరిగి వచ్చే పడవ ముఖం వాయవ్యానికి. కనుక ఆయన లెక్క అక్షరాలా సరి.

"ఇప్పుడు జీపీఎస్ ఉన్నది గదా, ఊరి దీపాలూ కనబడతవి గదా, చుక్కతో పనేమి?" అన్నాను నేను.

"బేట్రీ అయిపోతే జీపీఎస్ ఏటి సేత్తాది బాబూ? ఇక ఈ దీపాలంటావా, తీరం పొడుగునా ఒకేలాగున్నాయి. ఏది మనూరో ఎలా తెలుత్తాది? ఆడైతే ఎప్పుడూ ఆడే" అన్నాడు. దీపస్తంభం దగ్గర మాస్టారు చెప్పిన మాటకు ఇది రెండవ సగంలా తోచింది.

అంతలో మా అమ్మాయి "అయ్యో, చూడండి!" అని కేక వేసింది. ఎర్ర లైటు వెలుగులో అగ్గిపెట్టె పాటి నల్లని తాబేలు పిల్ల ఇసుకలో ఈడ్చుకుంటూ పోతున్నది. పోతున్నది సముద్రానికి కాదు, టీ దుకాణం వైపుకు!

ఇక్కడికి ఈశాన్యంగా ఋషికుల్య నది ముఖం ఉన్నది. ఆలివ్ రిడ్లే తాబేళ్లు మూకుమ్మడిగా వచ్చి గుడ్లు పెట్టే చోటు అది. 1994లో శాస్త్రజ్ఞుల దృష్టికి వచ్చింది. 2023లో ఒక్క ఏడాదే ఆరు లక్షలకు మించి వచ్చినవని లెక్క తేలింది. దారి తప్పిన ఒకటీ అరా ఈ ఒడ్డు పొడుగునా గుడ్లు పెడతవి. సుమారు ఏడు వారాలకు పిల్లలు రాత్రివేళ ఇసుక తవ్వుకొని పైకి వస్తవి. వాటికి దారి చెప్పే తల్లి ఉండదు. చీకటిగా ఉండే నేలను విడిచి, దిగువన వెలుగుగా కనబడే వైపుకు పోవడమే వాటికి పుట్టుకతో వచ్చిన తెలివి. మనిషి దీపం పెట్టకముందు ఆ వెలుగు చుక్కల కాంతి పడే సముద్రానిదే. అందుకే ఆ రోజుల్లో ఒడ్డు దీపాలు ఆర్పమనీ, మరుగు పరచమనీ అటవీశాఖవారు కోరుతూ ఉంటారు.

అమ్మాయి దాన్ని చేతిలోకి తీసుకోబోయింది. మాస్టారు వారించారు; చట్టం రక్షించే ప్రాణి, ముట్టరాదు. ముసలాయన గబగబా దుకాణం దగ్గరికి పోయి, "తమ్ముడూ, ఒక్క పది నిమిషాలు దీపం ఆర్పు" అన్నాడు. దుకాణదారు ఒడియావాడు. బేరం ఉన్న వేళ. మా ముఖాలు చూశాడు, తాబేలు పిల్లను చూశాడు, మాటాడకుండా మీట నొక్కాడు.

తాబేలు పిల్ల ఆగింది. కాసేపు అలాగే ఉన్నది. తరువాత మెల్లగా ఒక పక్కకు, మరికొంచెం, చుట్టూ తిరిగి సముద్రం వైపుకు నడక సాగించింది. పద్నాలుగు మందిమీ ఊపిరి బిగపట్టి వెనుక నిలబడ్డాము. ఒక అల వచ్చింది, తీసుకుపోయింది.

ఎవరమూ మాట్లాడలేదు. అమ్మాయి తిరిగి ఊరి వైపు చూసి, చెయ్యి చాచి, పిడికిలి మీద పిడికిలి పెట్టింది. "నాన్నా, ధ్రువుడు!" అన్నది. చీకటి కుదిరిన ఆ చోట, రెండు పిడికిళ్ల దగ్గర, పెద్ద మెరుపేమీ లేని ఒక చుక్క కదలకుండా ఉన్నది. మాస్టారు మొదటి ప్రశ్న మళ్లీ అడిగారు. ఈసారి ఎవరూ అంకె చెప్పలేకపోయారు.

ఇంటికి వచ్చాక పడుకోబుద్ధి కాలేదు. తెల్ల కాగితం తీసి, నాయనమ్మ చెప్పిన పేర్లు జ్ఞాపకం వచ్చినంతవరకు వ్రాశాను. ఏడు వచ్చినవి. ఆవిడ ఇంకా చాలా చెప్పింది. అడుగుదామంటే ఆవిడ లేదు. ఆ కాగితాన్ని అమ్మాయి బల్ల మీద అతికించుకున్నది. ప్రతి పేరు పక్కన ఒడియా పేరూ ఇంగ్లీషు పేరూ తానే వ్రాసుకున్నది. ఒకటి నేర్చుకోవడానికి మరొకటి మరువనక్కరలేదని పిల్లకు తెలిసినంత నాకు తెలియలేదు.

మన సంఘపు కుటుంబాలకు నా విన్నపం ఇది. వచ్చే అమావాస్యనాడు ఇంటి వీధిదీపం ఒక్క అరగంట ఆర్పి, పిల్లలతో డాబా ఎక్కండి. ఉత్తరాన పిడికిలి పెట్టి మీ ఊరి ధ్రువుణ్ణి కొలవండి. ఇంట్లో పెద్దవారు ఉంటే వారినీ పైకి తీసుకుపోయి, ఏ చుక్కను ఏమనేవారో అడగండి. ఆ పేర్లు ఒక కార్డు మీద వ్రాసి ఈ పత్రికకు పంపండి. అడగడానికి మనుషులు ఉండగానే అడగండి.